దిబ్బరొట్టె మీద పడిన నింద

నవంబరు, రెండో ఆదివారం: ఏలూరు పాతపేట నడకలో నేను చెప్పే నలభై నిమిషాల చరిత్రను, ముందుగా నాతో ఒక్కమాట అనకుండా, పన్నెండు నిమిషాలకు కుదించారు.

నవంబరు, చివరి ఆదివారం: కుంపటి మీద కాలుతున్న రొట్టె మూతను ఫొటో కోసం ఒక అతిథి మూడుసార్లు ఎత్తారు. వారించవలసిన నిర్వాహకులే "ఇంకొక్కటి తీసుకోండి" అన్నారు. రొట్టె పైన పచ్చిగా, అడుగున మాడుగా మిగిలింది.

డిసెంబరు, మొదటి ఆదివారం: కొల్లేరు సముద్రపు పాయ అని అతిథులకు చెప్పారు. బుడమేరు, తమ్మిలేరు వచ్చి చేరే మంచినీటి సరస్సు అని సవరించినందుకు నన్ను వ్యాను చాటుకు పిలిచి, నలుగురిలో దిద్దవద్దన్నారు.

జనవరి, మూడో ఆదివారం: నా నోటుపుస్తకంలోని విషయాలతో కరపత్రం అచ్చువేశారు. ప్రూఫు నాకు చూపలేదు.

ఫిబ్రవరి, రెండో శుక్రవారం: ఆ కరపత్రం కారణంగా ఒక ఇంటి అరుగు మీద కుంపటి ఆరిపోయింది.

మార్చి, మొదటి సోమవారం: నేను స్వయంగా తాడేపల్లిగూడెం వెళ్ళి ఇచ్చిన లేఖకు ఇంతవరకు రాతపూర్వకమైన జవాబు లేదు.

ఈ ఆరింటిలో నాకు జరిగినవాటిని నేను మోయగలను. ముప్పై నాలుగేళ్ళు కాలువల ఆఫీసు రికార్డు గదిలో కూర్చున్నవాడికి, తాను రాసినదాన్ని పైవాళ్ళు కత్తిరించడం కొత్త సంగతి కాదు. కాని ఐదవది నాకు జరిగినది కాదు. కొంతవరకు నా వల్ల జరిగినది. ఈ వయసులో కోపానికి కూడా ఓపిక చాలడం లేదని తెలిసీ, అందుకోసమే మళ్ళీ కాగితం ముందు కూర్చున్నాను.

క్రిందటి వానాకాలం చివర తాడేపల్లిగూడెం నుంచి ఒక అమ్మాయి మా ఇంటికి వచ్చింది. ఆదివారంనాడు పదిహేనుమందిని పోగుచేసి, ఏలూరు పాతపేట వీధుల్లో నడిపిస్తూ, ఇక్కడ ఇది తినండి, ఈ చోటి కథ ఇది అని చెప్పే కార్యక్రమం మొదలుపెడుతున్నానంది. ఉదయం కాలువగట్టు దగ్గర కాఫీతో మొదలు. పాత బజారులో పెసరట్టు. ఆ తరువాత ఒక ఇంటి అరుగు మీద దిబ్బరొట్టె. అక్కడి నుంచి వ్యానులో కొల్లేరు వెళ్ళి, పక్షులను చూసి, లంక ఊళ్ళో చేపల పులుసుతో భోజనం.

"పెట్టేవాళ్ళున్నారండీ, చెప్పేవాళ్ళే లేరు. ఏలూరులో ఏ ఇటుక ఎప్పుడు పడిందో మీ పుస్తకాల్లో ఉంటుందన్నారండీ, అంకుల్," అంది.

ఒప్పుకున్నాను. ఎవరైనా అడుగుతారేమోనని నలభై ఏళ్ళుగా రాసుకుంటున్నవాడు, తీరా అడిగినప్పుడు కాదనలేడు.

నేను రాసుకునే పద్ధతి ఒకటి ఇక్కడ చెప్పాలి. ప్రతి విషయం పక్కన ఒక గుర్తు పెడతాను. కంటితో చూసినదానికి 'చూ', కాగితంలో చదివినదానికి 'చ', ఒకరి నోట విన్నదానికి 'వి'. ఆఫీసులో అబ్బిన అలవాటు ఇది. కాలువకు గండి పడిందని ఊరివాళ్ళు చెప్పడం వేరు, కాలువ కాపలా చూసే లస్కరు వెళ్ళి చూసి రావడం వేరు. 'వి' అని ఉన్నది రుజువయ్యేదాకా కేవలం మాట. విషయం కాదు.

దిబ్బరొట్టె వేసే ఆవిడ కాలువగట్టు వెనక వీధిలో ఉంటుంది. అరవై దాటాయి. అత్తగారి నుంచి వచ్చిన పని. మినప్పప్పు గట్టిగా రుబ్బి, బియ్యపు రవ్వ కలిపి, మందపాటి ఇనప మూకుట్లో నూనె పోసి, నాలుగు వేళ్ళ ఎత్తున పిండి పరుస్తుంది. కింద కుంపట్లో బొగ్గులు, పైన మూత మీద కూడా బొగ్గులు. ఇక దాన్ని ముట్టకూడదు. అడుగు ఎర్రగా కట్టి, లోపల దూదిలా ఉడకడానికి ముప్పావుగంట పడుతుంది. ఆ తరువాత చెరుకుపానకంతో తినాలి.

నడకలో నా ప్రసంగానికి చోటు దొరికింది ఈ ముప్పావుగంటలోనే. పిండి మూకుట్లో పడగానే నేను మొదలుపెట్టేవాణ్ణి. గోదావరి నీరూ కృష్ణ నీరూ కాలువల్లో వచ్చి ఈ ఊళ్ళో కలవడం, ఆ కాలువల మీద ధాన్యం పడవలు, మనుషుల పడవలు, రేవు దగ్గర సత్రాలు, తంగెళ్ళమూడి వైపు తివాచీలు నేసే ఇళ్ళు. నేను సత్రాల దగ్గరికి వచ్చేసరికి ఆవిడ మూత తీసేది. నన్ను చూసి కాదు, వాసన చూసి. అయినా ఇద్దరికీ లెక్క కుదిరింది.

"అన్నయ్యగారూ, ఇవాళ పడవని కాస్త నెమ్మదిగా నడిపించండి. బొగ్గులు చెమ్మగా ఉన్నాయి," అనేది ఒక్కో ఆదివారం.

"నా పడవ ఎప్పుడూ నెమ్మదేనమ్మా. నీ రొట్టె మాటేమిటి?"

"రొట్టెకి తొందరేముందండీ! తొందరంతా తినేవాళ్ళకే."

అతిథులు నవ్వేవారు. అరుగు మీద, ఎదురింటి మెట్ల మీద కూర్చుని వినేవారు. చరిత్ర వినడానికి మనిషికి కావలసింది ఆకలి, ఎదురుగా ఉడుకుతున్న వంట అని ఆ రెండు నెలల్లో తెలుసుకున్నాను. ఇది నేను చూసినది.

నవంబరులో ఒక ఆదివారం, అరుగు దగ్గరికి వచ్చాకే, కుదింపు వచ్చింది: పన్నెండు నిమిషాలు. కొల్లేరు చేరేసరికి ఎండ ఎక్కి పక్షులు కనబడడం లేదని ఫిర్యాదులట.

"అంకులండీ, జనానికి కాళ్ళు లాగుతున్నాయండీ. పడవలు, సత్రాలు... అన్నీ సూపరండీ. కొంచెం షార్టుగా చెప్పేద్దామండీ," అంది ఆ అమ్మాయి. రొట్టె వేసే ఆవిడ వైపు తిరిగి, "పిన్నిగారండీ, మీరు గ్యాసు మీద ముందే వేసి ఉంచేస్తే పోతుంది కదండీ," అంది.

"గ్యాసు మీద వేస్తే మందం అట్టవుతుందమ్మా. రొట్టె అవదు."

"వాళ్ళకేం తెలుస్తుందండీ?"

"నాకు తెలుస్తుంది కదమ్మా!"

గొడవ లేదు. గోదావరి గాలి పీల్చినవాళ్ళం, గొంతు పెంచము. ఆవిడ నడకకు గంట ముందే కుంపటి రాజేసి, మొదటి రొట్టె వేసేయడం మొదలుపెట్టింది. నేను పన్నెండు నిమిషాల్లో కాలువలను దాటించి సత్రం గుమ్మంలో వదిలేసేవాణ్ణి. నా అలసట అప్పుడు మొదలైంది. ఎక్కువ మాట్లాడితే వచ్చేది కాదది, సగంలో ఆపితే వచ్చేది.

ఒక ఆదివారం అతిథులు రావడం ఆలస్యమైంది. ఆవిడ రొట్టెకు కాపలా, నేను అతిథులకు కాపలా. అప్పుడు నవ్వుతూ చెప్పింది.

"మా అత్తగారు దీన్ని దొంగచాటుగా నేర్చుకుందిటండీ. కొత్తగా కాపరానికొచ్చిన రోజుల్లో సత్రానికి పాలు పోసి వచ్చేది. పాలు కొలిచేదాకా కిటికీ దగ్గర నిలబడి, వంటావిడ రొట్టె వేస్తుంటే చూసేదిట. నేర్పమంటే ఆవిడ నేర్పనందిట!"

నోటుపుస్తకం ఒళ్ళోనే ఉంది. రాసుకున్నాను: "వి. అత్తగారు సత్రం వంటావిడ దగ్గర దొంగచాటుగా చూసి నేర్చుకున్నారు." ఇంతలో వీధి మలుపులో అతిథులు కనబడ్డారు. కలం మూసి లేచాను. ఆవిడ ఇంకా ఏదో చెబుతూనే ఉంది. నేను గొంతు సవరించుకుని గోదావరి కాలువ దగ్గర మొదలుపెట్టాను.

జనవరి మొదట్లో ఆ అమ్మాయి కరపత్రం వేస్తున్నామంది, నోటుపుస్తకం అడిగింది. ఇచ్చాను. గుర్తుల అర్థం మొదటి పేజీలో ఉంది, చదువుకున్న పిల్ల, చూసుకుంటుంది అనుకున్నాను. ఆఫీసులో ఒక్క ఫైలు కూడా రసీదు లేకుండా గది దాటనివ్వని నేను, మొత్తం పుస్తకాన్ని ఒక చిరునవ్వుకు ఇచ్చేశాను.

పుస్తకం తిరిగి వచ్చింది. కరపత్రం రంగుల్లో అచ్చయింది. మూడో పేజీలో ఆవిడ ఫొటో, పైన పెద్ద అక్షరాలతో "దొంగిలించిన రుచి", కింద "సత్రం వంటగది నుంచి రహస్యంగా తస్కరించిన రొట్టె" అని. 'వి' లేదు. నవ్వుతూ చెప్పిందన్న మాట నా పుస్తకంలోనే లేదు, వాళ్ళ కరపత్రంలో ఎలా ఉంటుంది?

ఆ తరువాతి ఆదివారం అతిథులలో ఒకాయన అరుగు ఎక్కుతూనే, "దొంగరొట్టె ఇదేనాండీ?" అన్నాడు. ఆవిడకు అర్థం కాక నా ముఖం చూసింది. మరో వారానికి వీధి చివర ఆటోలవాళ్ళూ అందుకున్నారు. "పిన్నిగారూ, ఇవాళ ఎవరింట్లో కొట్టేశారండీ?" సరదాకే అన్నారు. సరదాకే ఊరంతా తిరిగింది.

ఫిబ్రవరి రెండో శుక్రవారం సాయంత్రం నేను వెళ్ళేసరికి కుంపటి బోర్లించి ఉంది. మూకుడు కడిగి గోడకు ఆనించి ఉంది.

"ఆ సత్రం వంటావిడ మనవరాలు మా ఇంటి వెనక వీధిలోనే ఉంటుందండీ," అంది. "ముప్పై ఏళ్ళుగా వాళ్ళింట్లో పేరంటానికి నాకు పిలుపు తప్పలేదు. ఇవాళ మా వీధిలో అందరినీ పిలిచింది. మా గుమ్మం దాటి వెళ్ళిపోయింది."

నేను అరుగు అంచున కూర్చున్నాను.

"మీరు రాసుకున్నారు సరే, మిగతా సగం ఏం చేశారండీ అన్నయ్యగారూ?"

"మిగతా సగమేమిటమ్మా?"

"ఆ వంటావిడకి తెలుసండీ, మా అత్తగారు చూస్తోందని. నోటితో నేర్పితే సత్రంవాళ్ళు ఊరుకోరని, పాలవేళకే రొట్టె వేసి, కిటికీ తలుపు బార్లా తీసి ఉంచేదిట. మా అత్తగారి తొలిచూలుకి ఈ మూకుడు పంపింది ఆవిడే. అదంతా చెప్పాను కదండీ. మీరు అప్పటికే లేచిపోయారు."

ముప్పై నాలుగేళ్ళ ఉద్యోగంలో నేను అసంపూర్తిగా వదిలిన నమోదు లేదని గర్వపడేవాణ్ణి. ఆ రాత్రే పుస్తకం తెరిచి రెండో సగం రాశాను. పక్కన తేదీ వేసి సంతకం చేశాను. మర్నాడు వెనక వీధికి వెళ్ళి ఆ మనవరాలికి చూపించాను. యాభై ఏళ్ళ మనిషి, మర్యాదగా కుర్చీ వేసింది. కళ్ళజోడు పెట్టుకుని రెండుసార్లు చదివింది.

"మీరు పెద్దవారు, అబద్ధం రాస్తారనుకోనండీ," అంది. "కానీ ఇది మీ చేతిరాత. అది అచ్చు. మా మామ్మ దగ్గర కొట్టేశారని ఊరు చదివింది అచ్చులోనండీ. రేపు నేను పిలిస్తే, దొంగతనం మాఫీ చేసి పిలిచినట్టుంటుంది. అది ఆవిడకి మాత్రం గౌరవమాండీ?"

ఆ మాటకు జవాబు ఉన్నది అచ్చు వేసినవాళ్ళ దగ్గర.

మార్చి మొదటి సోమవారం తాడేపల్లిగూడెం బస్సెక్కాను. ఉంగుటూరు దాటేదాకా నిలబడే ఉన్నాను. గూడెంలో ఉల్లిపాయల బస్తాల మధ్య నుంచి నడిచి, మేడమెట్లు రెండు విడతలుగా ఎక్కి, వాళ్ళ ఆఫీసులో లేఖ ఇచ్చాను. ఆ అమ్మాయి లేచి నిలబడింది, ఫాను నా వైపు తిప్పింది, వేడి పకోడీలు తెప్పించింది. అమర్యాద జరిగిందని నేను ఎక్కడా రాయలేను.

"అంకులండీ, నిజంగా సారీ అండీ. కానీ ఆ పేజీయే అందరికీ నచ్చిందండీ. ఆ హెడ్డింగు చూసే వస్తున్నారండీ."

"ఆవిడ కుంపటి ఆర్పేసింది, తెలుసా అమ్మా?"

"తెలుసండీ. పాపం. ఇప్పుడు ఆ స్టాపులో హోటల్ నుంచి తెప్పిస్తున్నామండీ. మళ్ళీ అచ్చేసినప్పుడు మార్చేద్దామండీ."

"ఆ మాట కాగితం మీద పెట్టమ్మా."

"మన మధ్య కాగితాలేంటండీ!" అని నవ్వింది.

ఈ పని మీద నేను విన్న మంచిమాటలన్నీ నా పుస్తకంలో ఉన్నాయి. ఒక్కొక్కదాని పక్కన 'వి' అనే ఉంది. వాటితో వెనక వీధిలో ఒక పేరంటపు పిలుపును కూడా తిరిగి తేలేకపోయాను. అందుచేత ఈ రచన ప్రతి ఒకటి రిజిస్టర్డ్ పోస్టులో నిర్వాహకులకు పంపుతూ, కింది విధంగా కోరుతున్నాను.

ఒకటి: కరపత్రం మూడో పేజీలోని శీర్షిక, దాని కింది వాక్యం నిరాధారమని అంగీకరించాలి. ఆ నమోదును అసంపూర్తిగా వదిలిన లోపం నాది. దానిని నేను ఇందుమూలంగా ఒప్పుకుంటున్నాను. వినికిడి గుర్తును తీసివేసి, లేని మాట చేర్చి అచ్చువేసిన లోపం మీది.

రెండు: సత్రం వంటావిడ ఆ రొట్టెను తన ఇష్టపూర్వకంగా నేర్పినట్లు, మూకుడు కూడా ఇచ్చినట్లు, రొట్టె వేసే ఆవిడ ఇచ్చిన వాంగ్మూలాన్ని ఆవిడ మాటగానే పేర్కొంటూ, అవే సైజు అక్షరాలలో సవరణ అచ్చువేయాలి. మిగిలిన పాత ప్రతుల పంపకం వెంటనే ఆపాలి.

మూడు: ఆ సవరణ ప్రతులు రెండు, మీలో ఒకరు స్వయంగా వచ్చి, ఒకటి రొట్టె వేసే ఆవిడ ఇంటిలో, ఒకటి వంటావిడ మనవరాలి ఇంటిలో, పగటిపూట, నలుగురూ చూస్తుండగా ఇవ్వాలి.

పై మూడు అంశాలకు, ఒక్కొక్కదానికి విడివిడిగా, ఈ లేఖ అందిన పదిహేను రోజులలోగా, సంతకంతో కూడిన రాతపూర్వకమైన జవాబు ఇవ్వవలసిందిగా కోరుతున్నాను. ఫోనులోగాని, నోటిమాటగాగాని ఇచ్చే సమాధానం జవాబుగా పరిగణించబడదు.