రెండు తాకట్ల చెల్క

సాయుధ పోరాటం మీద మా గ్రంథాలయంలో ఉన్న పుస్తకాలన్నీ చదివాను. కొన్ని రెండుసార్లు చదివాను. దళాలు, గడీలు, తుపాకులు అన్నీ ఉన్నాయి. ఒకే చెల్కను ఇద్దరికి తాకట్టు పెట్టిన రైతు ఏమయ్యాడో ఎక్కడా లేదు. ఆ రైతు మా నాయిన. ఇంకెవరూ రాసేలా లేరు కాబట్టి నేను రాస్తున్నాను.

మాకున్నది హుజూర్‌నగర్ దారిలో నాలుగెకరాల చెల్క. అది పోతే ఇంటిల్లిపాదీ కూలికి పోవడమే. బావి తవ్వడానికి నాయిన దాన్ని మా ఊరి దొరకు తాకట్టు పెట్టాడు. నీళ్లు పడలేదు. ఇంకో మూల తవ్వుదామని, దొరకు చెప్పకుండా, అదే చెల్కను హుజూర్‌నగర్ షావుకారుకు తాకట్టు పెట్టాడు. అక్కడా రాయే తగిలింది.

తర్వాత సంఘం వచ్చింది. దొర పట్నం పారిపోయాడు. సంఘం వాళ్లు గడీలోని కాగితాలన్నీ చావడి ముందు కుప్పపోసి కాల్చారు. షావుకారు మాత్రం తన కాగితాలు మూటగట్టుకుని కృష్ణ దాటి పోయాడు.

పోలీసు యాక్షన్ అయ్యాక ఇద్దరూ తిరిగొచ్చారు. ఒకరి సంగతి ఒకరికి అప్పుడు తెలిసింది. షావుకారు దగ్గర కాగితం ఉంది. దొర దగ్గర లేదు. దొర నాయినను గడీకి పిలిపించాడు. నేనూ వెంట వెళ్లాను. నాకప్పుడు ఇరవై రెండేళ్లు.

"నా కాయితం కాల్చిన్రా లేదా?"

"కాల్చిన్రు దొరా."

"నువ్వు చూసినవారా?"

"కండ్లార చూసిన. జర తడిగుండి అంటుకోకపోతే నేనే ఎండుగడ్డి తెచ్చి ఏసిన."

"కాలిందంటే, ఉన్నట్టే గద?"

నాయిన ఉన్నట్టేనన్నాడు. కాలడం ఊరంతా చూసింది కాబట్టి దొరకు ఊరంతా సాక్షులే అయ్యారు.

మృగశిర వాన పడింది. ఎవరు విత్తితే చెల్క వాళ్లదవుతుందని ఇద్దరూ అనుకున్నారు. దొర మనుషులు వచ్చి ఆముదాలు విత్తి పోయారు. మూడోనాడు షావుకారు మనుషులు ఆ సాళ్ల నడుమ జొన్నలు విత్తారు. ఇక ఒకరి పైరు ఇంకొకరు పీకిస్తారేమోనని ఇద్దరికీ భయం పట్టుకుంది. దొర నాయినను కావలి పెట్టాడు. వారం తిరక్కుండా షావుకారూ నాయిననే కావలి పెట్టాడు. నాయిన ఇద్దరికీ సరేనన్నాడు.

"ఇద్దరి మనుషులు ఒక్కపారే వస్తే ఎవర్ని తరుముతవయ్యా?" అని అమ్మ అడిగింది.

"ముందుగాల వచ్చినోన్ని."

"నీ మొకం. ఇద్దరు గల్సి నిన్నే తరుముతరు."

ఎవరూ రాలేదు. నాయిన ఊరికే కూర్చోలేక కలుపు తీశాడు, గట్లు సరిచేశాడు.

పైరు ఎదిగాక గిర్దావర్ వచ్చాడు. ఏ చేనును ఎవరు సాగు చేస్తున్నారో వచ్చి చూసి పహాణీలో ఎక్కించడం ఆయన పని.

"ఇది ఎవరు చేస్తున్నరు?" అని పక్క చేనువాళ్లను అడిగాడు.

"రోజు గీయననే చూస్తున్నం సారూ. పండుగనాడు గూడ ఇంటికి పోడు."

"గిదేం పంట? ఆముదమా, జొన్ననా?"

"రెండు సారూ. గిది ఏందంటే..." అని నాయిన నిజం చెప్పబోయాడు. నేను ఆయన కాలు తొక్కాను. గిర్దావర్ సాగుదారుగా నాయిన పేరు రాసుకుని పోయాడు.

తహసీలు కచేరీలో దొర, షావుకారు చెల్క నాదంటే నాదన్నారు. తహసీల్దారు పహాణీ తెప్పించి చూశాడు. సాగులో ఉన్నవాణ్ణి కదిలించేది లేదని, ఎవరి తాకట్టు ముందో అదాలతులో తేల్చుకు రమ్మని చెప్పాడు. వాళ్లు అదాలతుకు పోయారు. ఇద్దరూ చనిపోయేదాకా అది తేలలేదు. పంట ప్రతి ఏడూ నాయినే కోసుకున్నాడు. కావలి కాసినందుకు ఇద్దరూ గింజ కూడా ఇవ్వలేదని మాత్రం చివరిదాకా బాధపడ్డాడు.

ముందు తాకట్టు పెట్టుకున్నవాడికే ముందు హక్కని తర్వాత ఒక చట్టం పుస్తకంలో చదివాను. అప్పటికే చదివి ఉంటే కచేరీలో లేచి చెప్పి ఉండేవాణ్ణి. చెల్క దొరకు పోయేది.

సాయం చేసినవాళ్ల పేర్లు రాయొద్దని వాళ్ల ఇళ్లవాళ్లు కోరారు. కాబట్టి పేర్లు లేకుండానే పక్క చేనువాళ్లకు, ఆ గిర్దావర్‌కు, విత్తనాలు తెచ్చి మరీ మా చెల్కలో విత్తిపోయిన దొర మనుషులకు, షావుకారు మనుషులకు నా దండాలు.