ట్రాక్ వన్ నొక్కితే తుపాకులు పేలాయి

మా చిన్నప్పుడు... శుక్రవారం ఉపవాస ప్రార్థనకని అమ్మా నాన్నా వీధి మలుపు తిరిగారో లేదో, కైకలూరులో మా ఇంట్లో హత్యలు మొదలయ్యేవి. కంప్యూటర్లో సగం, కంప్యూటర్ బయట సగం!

మా నాన్న బళ్ళో మాస్టారు, సంఘ పెద్ద కూడాను. పాటలు టైపు చేయడానికి చర్చివాళ్ళు కొన్న కంప్యూటర్ మా ఇంట్లోనే ఉండేది, అమ్మ కుట్టిన లేసు గుడ్డ కప్పుకుని. అందులో మా అన్నయ్య ఎవరెవరి దగ్గరో సీడీలు పట్టుకొచ్చి ఆటలు ఎక్కించేశాడు. తుపాకుల ఆట, కత్తుల ఆట, బాంబుల ఆట... అసలు పేర్లు మాకు పలకడం వస్తే కదా!

మాకు దొరికేది గంటన్నర. అందులో అరగంట, ఏ ఆట ఎక్కడ దాచాడో వెతకడానికే సరి. ఒకటి డీ డ్రైవులో, ఇంకోటి ఫోల్డర్లో ఫోల్డర్లో ఫోల్డర్లో... వాడికి గుర్తుంటే ఒట్టు. "నీ బొంద, ఎక్కడ పెట్టావురా అన్నయ్యా" అని వీపు మీద గుద్దితే, వాడు నా జడ పట్టుకుని గోడకేసి కొట్టేవాడు. నేను భుజం కొరికేదాన్ని. ఒకసారి రక్తం కూడా వచ్చింది. అమ్మ అడిగితే దోమ కుట్టిందన్నాడు. ఎంత దోమండీ అది!

వస్తువులు చెల్లాచెదురుగా ఉంటే నాకు ఒళ్ళు మండుతుంది, ఇప్పటికీ అంతే. ఓ ఎండాకాలం శుక్రవారం ఆటలన్నిటికీ షార్ట్‌కట్లు చేసి, ఒకే ఫోల్డర్లో వరసగా పెట్టి, దానికి 'క్రిస్మస్ ట్రాకులు' అని పేరు పెట్టాను. తుపాకుల ఆట ట్రాక్ వన్, కత్తులది ట్రాక్ టూ... మే నెలలో క్రిస్మస్ పాటలు ఎవరు తెరుస్తారు చెప్పండి?

"అబ్బో, నీ బుర్రే బుర్ర బుజ్జీ" అని మురిసిపోయాడు అన్నయ్య. ఆ రోజు నుంచి మా కొట్లాటలు సగానికి సగం తగ్గాయి.

మే తరవాత డిసెంబరు కూడా వస్తుందని నాకు తట్టలేదు... ఎనిమిదో క్లాసు బుర్ర కదా.

సెమీ క్రిస్మస్, అదే పండక్కి ముందు చర్చిలో చేసే వేడుక, ఆ సాయంత్రం. కంప్యూటర్ని ఆటోలో చర్చికి తీసుకెళ్ళి నాలుగు పెద్ద స్పీకరు బాక్సులకి తగిలించారు. పిల్లల డ్యాన్సులకి నాన్న ఏలూరు వెళ్ళి మరీ పాటల సీడీ తెచ్చి అందులోకి ఎక్కించారు. గొర్రెల కాపరుల వేషాలేసుకుని, తలకి తువ్వాళ్ళు చుట్టుకుని పిల్లలు స్టేజీ ఎక్కారు. పాస్టరు అయ్యగారు ప్రార్థన ముగించి ఆమేన్ అన్నారు. నాన్న కళ్ళజోడు సర్దుకుని, తన పాటలే అనుకుని నా ఫోల్డరు తెరిచి, ట్రాక్ వన్ నొక్కారు.

దడదడదడమని తుపాకులు! ఎవడిదో చావుకేక... నాలుగు బాక్సుల్లోంచీ! కాపరులు గొల్లుమని ఏడుస్తూ స్టేజీ మీంచి దూకేశారు. ముసలమ్మలు "ప్రభువా ప్రభువా" అంటూ గేటు వైపు పరిగెత్తారు. మానిటర్ నిండా రక్తం. అది చూసి అయ్యగారు కళ్ళు మూసుకున్నారు.

"ఎవరు చేశార్రా ఇది?" నాన్న గొంతు నేనెప్పుడూ అలా వినలేదు. నోరు తెరిచాను... మాట రాలేదు.

"నేనే నాన్నా" అన్నాడు అన్నయ్య.

పందిరికి తెచ్చిన సరుగుడు కర్ర ఒకటి పక్కనే ఉంది. నాన్న దాన్ని అందుకున్నారు. వీపు మీద, కాళ్ళ మీద, పడిపోతే పడిన చోటే... "వద్దండీ మాస్టారూ, చచ్చిపోతాడండీ" అని అయ్యగారు పట్టుకుంటే ఆయన్నీ తోసేశారు. అన్నయ్య తల కాపాడుకోవడానికి రెండు చేతులూ అడ్డం పెట్టాడు. కుడి చూపుడు వేలు విరిగింది. ఆ చప్పుడు నాకు వినపడిందండీ.

కట్టు కట్టించారు గానీ ఆ వేలు వంకరగానే అతుక్కుంది. ఆ తరవాత వాడు ఏ ఆటా ఆడలేదు. నేనూ ఎవరికీ చెప్పలేదు. ఇరవై ఏళ్ళు... నోరు పడిపోయిందా ఏంటి నాకు!

ఇప్పుడు తాడేపల్లిగూడెంలో ఉంటున్నాను, నాన్న కూడా నా దగ్గరే. ఆటల పిచ్చి మాత్రం పోలేదు. ఆట కొన్న ప్రతిచోటికీ ఒక్కో యాప్, ఒక్కో పాస్‌వర్డ్... మళ్ళీ అదే చెల్లాచెదురు. మొన్న ఓపిగ్గా కూచుని అన్నిటినీ ఒక్క లాంచర్లోకి, అంటే ఆటలన్నీ ఒకే తెర మీద చూపించే యాప్‌లోకి తెచ్చాను. వెతగ్గా వెతగ్గా ఆ పాత తుపాకుల ఆట కూడా దొరికింది. దాని పేరు మార్చి 'ట్రాక్ వన్' అని పెట్టాను.

కలిదిండిలో రొయ్యల చెరువులు చూసుకుంటున్న అన్నయ్య ఆదివారం భోజనానికొచ్చాడు. వాణ్ణి కుర్చీలో కూచోబెట్టాను. పేరు చూసి నవ్వాడు. మధ్య వేలితో నొక్కాడు. తుపాకులు పేలాయి... వాడి రెండు చేతులూ తల మీదకి వెళ్ళిపోయాయి. నలభైకి దగ్గరపడుతున్న మనిషివి!

"ఆపెయ్యవే బుజ్జీ" అన్నాడు.

వాడు వెళ్ళాక ఇంక ఆగలేకపోయాను. హాల్లో పేపరు చదువుకుంటున్న నాన్న దగ్గరికెళ్ళి, "నాన్నా, ఆనాటి ఫోల్డరు అన్నయ్యది కాదు, నాది" అన్నాను.

"తెలుసమ్మా" అన్నారు, పేపరు దించకుండానే. "వాడు ఎప్పుడైనా ఒక వస్తువు ఒక చోట పెట్టాడా? ఆ సర్దుడు చూడగానే నీదని తెలిసిపోయింది."

"మరి వాణ్ణెందుకు కొట్టారు?"

"సంఘం అంతా చూస్తోంది. ఆడపిల్లవి, నలుగురిలో నిన్నెలా కొట్టను? వాడు ఒప్పుకున్నాడు... సరిపోయింది."

సరిపోయిందట!

ఇప్పుడు రోజులు మారాయి. ఆటలు దాచుకోవక్కర్లేదు, వెతుక్కోవక్కర్లేదు, అన్నీ ఒక్క చోటే. నా లాంచర్లో ట్రాక్ వన్ మాత్రం తీసేశాను. నాన్న అన్న మాట అన్నయ్యకి ఎదురుగా చెప్పలేక ఇక్కడ రాస్తున్నాను. అన్నయ్యా, ఆ రోజు నేనూ నోరు విప్పాల్సింది రా...

మీ ఇంట్లో మీకు పడాల్సిన దెబ్బలు ఎవరు తిన్నారండీ? కామెంట్లో తరవాత రాద్దురుగాని, ముందు వాళ్ళకి ఫోన్ చెయ్యండి.