తోడికోడళ్ళ మధ్య కెమెరా

నా అంత తెలివితక్కువ దర్శకుడు గుంటూరు జిల్లాలో ఇంకొకడుండడు. ప్రాణస్నేహితురాళ్ళ మీద లఘుచిత్రం తీయబోయి, ఆరేళ్ళుగా మాటల్లేని తోడికోడళ్ళిద్దరినీ ఏరికోరి వేషాలకు తీసుకున్నాను. కెమెరా మోజు కొద్దీ ఇద్దరూ సరేనన్నారు. చిన్నావిడ ఇంట్లో పెళ్ళికి పెద్దావిడను బొట్టు పెట్టి పిలవలేదట. ఊరందరికీ తెలుసు, ఒక్కరూ నాకు చెప్పలేదు!

పెద్దావిడ మిరప కల్లంలో కూలీల మేస్త్రీ, షూటింగూ అక్కడే. తోడికోడలితో ఏం చెప్పాలన్నా మధ్యలో ఉన్నవాళ్ళకు చెప్పడం ఆమె అలవాటు. నేను యాక్షన్ అనగానే నావైపు తిరిగి, "బాబూ, ఆమెను కూర్చోమను" అనేది.

చిన్నావిడా నన్నే చూస్తూ, "కూర్చున్నానని చెప్పండి" అనేది.

నేను దర్శకుణ్ణా, పోస్ట్‌మ్యాన్‌నా? మర్నాడు కాయలన్నీ టిక్కీ బస్తాలకెక్కి మిర్చి యార్డుకు పోతాయి. ఎర్రటి కల్లం ఉండదు, నా సినిమా ఉండదు! పదిహేడో టేకుకు ఘాటు నా నషాళానికంటింది. కెమెరా ఆపకుండా అక్కడే వదిలేసి, వాళ్ళిద్దరినీ తప్ప అందరినీ టీకి లాక్కుపోయాను.

తిరిగొచ్చి రికార్డయింది చూస్తే ఒళ్ళు పులకరించింది! పెద్దావిడ అటూ ఇటూ చూసింది. కబురు మోయడానికి ఎవరూ లేరు. కాసేపు రంగు పోయిన తాలుకాయలు ఏరింది. చివరికి తలెత్తకుండానే, "ఏమే, బ్రాడీపేట డాక్టరుకు మోకాలు చూపించుకున్నావంట, తగ్గిందా?" అంది.

"నీకెవరు చెప్పారక్కా?" అంటూ చిన్నావిడ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

ఆ ముక్క తీసేయమని పెద్దావిడ ఎంత బతిమాలినా వినలేదు. ఊళ్ళో తెర కట్టించి, సినిమా అయ్యాక ఆ ముక్కొక్కటే మళ్ళీ వేయించాను.