తండ్రి సాంచాల మీద పదిహేడు రోజులు

కోరుట్లలో మా బిడ్డ ఇంట్లో ఉన్నప్పుడు, మనవరాలు నన్ను ఎదురుగా కూర్చోబెట్టుకొని ఇంటర్వ్యూకు తయారయ్యేది. జగిత్యాలలోని తన కాలేజీకి కంప్యూటర్ కంపెనీవాళ్లు రావడానికి తొమ్మిది రోజులే ఉన్నాయి. ఆ ఉద్యోగం వస్తే దుబాయిలో ఉన్న మా అల్లుడు తిరిగి వస్తానన్నాడు. ఆయన వెళ్లి అప్పటికి పదకొండేళ్లు నిండాయి.

కాగితం చూసి ప్రశ్న చదివాను: ఇన్‌హెరిటెన్స్, సబ్‌టైపింగ్ ఒకటేనా?

"ఒకటే అమ్మమ్మా. ప్రోగ్రాంల తండ్రి క్లాసుల రాసిన పనులన్ని పిల్ల క్లాసుకు వస్తయి, గది ఇన్‌హెరిటెన్స్. గందుకే తండ్రిని పెట్టే కాడ పిల్లను పెట్టచ్చు, గది సబ్‌టైపింగ్."

"మీ మామను చూసినంక గూడ గిదే అంటవా?"

సిరిసిల్లలో కూలి తగ్గి మా ఆయన మహారాష్ట్రలోని భీవండి వెళ్లినప్పుడు, ఆయన నడిపే ఎనిమిది సాంచాల మీద, అంటే మరమగ్గాల మీద, మా కొడుకునే, అంటే ఈ పిల్ల మేనమామనే, నిలబెట్టాం. తండ్రి పోతే కొడుకు నిలబడాలి, అక్కడి పద్ధతి అది. వాడికి తండ్రి ఒడ్డూపొడుగూ వచ్చాయి, ముడి వేసే చెయ్యీ వచ్చింది, కోపం కూడా తూకం తప్పకుండా వచ్చింది. కానీ తండ్రి ఏ నూలు ఇచ్చినా నేసేవాడు. వీడికి సన్న నూలు పనికిరాదు. ఎనిమిదిలో నాలుగుకు మించి నడపలేడు. పోగు తెగితే తండ్రి సాంచా ఆపి అతికేవాడు. వీడు బీడీ ముట్టించేవాడు. పదిహేడో రోజున యజమాని చెడిన బట్ట పరిచి చూపించి పొమ్మన్నాడు. వాడి చోట, నూలు కండెలు చుట్టడానికి వచ్చి నేత పని నేర్చేసుకున్న, బుగ్గారం ఊరి కల్లుగీత కార్మికుడి భార్య నిలబడింది. ఆమె మాకు చుట్టమేమీ కాదు. ఎనిమిదీ నడిచాయి. బట్ట చూసి మనిషి మారిందని యజమాని కూడా చెప్పలేకపోయాడు.

మనవరాలు నా చేతిలోని కాగితం తీసుకొని జవాబు మళ్లీ రాసుకుంది.

"అంటే ఇన్‌హెరిటెన్స్‌ల కోడ్ వస్తది గని, తండ్రి ఒప్పుకున్న పని జరుగుతదన్న గ్యారంటీ లేదు. సబ్‌టైపంటే గా గ్యారంటీ. చుట్టరికం లేకున్నా నడుస్తది."

"గట్లనే చెప్పు. మామ పేరు మాత్రం తియ్యకు. ఆడ సిరిసిల్లోడు ఎవడన్న ఉంటడు."

ఆ ప్రశ్నే వచ్చింది. ఉద్యోగమూ వచ్చింది, ఒకటో తారీఖున చేరాలి. మర్నాడే మా కొడుకు మిఠాయి డబ్బాతో దిగాడు.

"తెలివంత మన రక్తమే గదనే అమ్మా!"

"అయితే ఒకటో తారీఖు పిల్లకు బదులు నువ్వు పో కొడుకా డ్యూటీకి. రక్తం ఒక్కటే గద."

వాడు డబ్బా దారం విప్పడంలో పడ్డాడు. మనవరాలు అప్పటికే దుబాయికి ఫోన్ కలిపింది.

"బాపూ, ఇగ టికెట్ తీసుకో."