కిటికీ లేని బాత్రూమ్

లాక్‌డౌన్ రోజుల్లో సిటీవెస్ట్ అనే ఐరిష్ శివారు ఫ్లాట్‌లో నేనొక్కదాన్నే ఉండేదాన్ని. మా ఆయన గంటన్నర ప్రయాణం దూరంలో, కిల్కెన్నీ అనే ఊళ్ళో డాక్టరు. కోవిడ్ వార్డులో డ్యూటీ పడ్డాక, నాకు అంటుకుంటుందేమోనని అక్కడే గది తీసుకుని ఉండిపోయారు.

ఒక మధ్యాహ్నం ఆఫీసు మీటింగ్‌కి ముందు మొహం కడుక్కుందామని బాత్రూమ్‌లోకి వెళ్ళాను. ఇంట్లో ఎవరూ లేకపోయినా తలుపు వేసుకోవడం అలవాటు. బయటికి రాబోతే హ్యాండిల్ ఊడి చేతికొచ్చింది. ముందు నవ్వొచ్చింది. దువ్వెన కొనతో ఆ కన్నంలో తిప్పి చూశాను. గడియ కదల్లేదు. ఫోను వంటింట్లో ఉంది.

కాసేపటికి హాల్లో లాప్‌టాప్ మోగింది. మోగి మోగి ఆగిపోయింది. నెట్ పోయిందనుకుంటారు, అంతే. నా కోసం ఎవరూ రారు.

అప్పుడు పట్టుకుంది భయం. ఆ గదికి కిటికీ లేదు. పైన ఫ్యాను తిరుగుతూనే ఉంది, అయినా గాలి అయిపోతోందనిపించింది. ఇది భయమా, కరోనాయా? నుదురు తాకి చూసుకుంటే చెయ్యే చల్లగా ఉంది. హాల్లో ఎవరో నడిచినట్టు వినిపించి "ఏమండీ!" అని కేక పెట్టాను. ఆయన కిల్కెన్నీలో ఉన్నారని తెలిసే పిలిచాను. మతి తప్పుతోందేమో అనుకున్నాను.

షాంపూ సీసాతో గోడ బాదాను. అవతల ఏదో గొంతు. ఫ్యాను రొదలో మాట తెలియలేదు. ఫ్యాను ఆపితే లైటూ ఆరిపోతుంది, రెండింటికీ స్విచ్‌గా పైనుంచి వేలాడే తాడు ఒకటే. ఆ తాడు పట్టుకుని చాలాసేపు నిలబడ్డాను. చివరికి కళ్ళు మూసుకుని లాగేశాను.

"ఎవరమ్మా? ఏమైంది?" పక్క ఫ్లాట్ ఐరిష్ పెద్దావిడ. కనిపిస్తే తల ఊపడమే తప్ప ఎప్పుడూ మాట్లాడుకోలేదు.

"తలుపు తెరుచుకోవట్లేదు! ఒక్కదాన్నే ఉన్నాను!"

"బిల్డింగ్ కేర్‌టేకర్‌కి ఫోన్ చేస్తున్నా. నువ్వు మాట్లాడటం మాత్రం ఆపకు."

ఆ చీకట్లో ఏం మాట్లాడాలో తోచక, పొద్దున వండిన బీరకాయ పప్పు గురించి చెప్పాను. ఇంగ్లీషు కాస్తా తెలుగులోకి జారిపోయినా, ఆవిడ "ఊఁ, తర్వాత?" అంటూనే ఉంది.

కేర్‌టేకర్ తన దగ్గరుండే మారు తాళంతో ఇంట్లోకొచ్చి, స్క్రూడ్రైవర్‌తో గడియ తిప్పాడు. చెప్పుల్లేకుండా కారిడార్‌లోకి పరిగెత్తాను. ఆవిడ మాస్కుతో తన గుమ్మంలో నిలబడి ఉంది. నన్ను చూసి చేతులు చాచి, కోవిడ్ గుర్తొచ్చి వెనక్కి తీసుకుంది. అక్కడే కూలబడి ఏడ్చాను. నా ఏడుపు ఆగేదాకా ఆవిడ లోపలికి వెళ్ళలేదు.

సాయంత్రం ఫోన్‌లో మా ఆయన, "ఇక తలుపు వేసుకోకు. ఇంట్లో నువ్వొక్కదానివే కదా" అన్నారు.

"అదేనండీ నా భయం" అన్నాను.

ఇప్పటికీ లువాస్ ట్రామ్ తలుపులు మూసుకుంటుంటే, ఎంత రద్దీలోనైనా, ఒక్క క్షణం నాకు ఊపిరాడదు.