నందిగామలో అడగాల్సిన ఒక్క మాట

జగ్గయ్యపేట నుంచి నందిగామ వెళ్లాలంటే రెండు పూటలకు చద్ది కట్టుకోవాలి, దారిలో దొంగల భయం కూడా ఉంది. అని రాస్తే బాగుంటుంది గానీ, నిజానికి గంట లోపు బస్సు. అడ్డొచ్చేవి సిమెంటు లారీలు, ఒక టోల్‌గేటు. అయినా ఈ డెబ్బై ఏళ్లలో ఇంత భయంతో నేనెక్కిన బస్సు ఇంకొకటి లేదు.

నా భార్య సుగుణకు గుండె కవాటం పాడైంది. విజయవాడలో ఆపరేషను చేస్తామన్నారు. అక్కడ ఒక పరిశోధన నడుస్తోంది. ఆపరేషన్లో కారిన రక్తాన్ని పారబోయకుండా యంత్రంతో పట్టి, కడిగి, తిరిగి ఆ మనిషికే ఎక్కిస్తారు. బయటి రక్తం అవసరం ఎంత తగ్గుతుందో చూస్తారు. సుగుణ ఒప్పుకుని సంతకం పెట్టింది. తీరా స్కానింగులో అండాశయం మీద గడ్డ కనిపించింది.

"మీ అమ్మగారు దేనితో పోయారమ్మా?" అని అడిగింది డాక్టరమ్మ.

"కడుపులో గ్యాసండి," అంది సుగుణ.

డాక్టరమ్మ నా వైపు తిరిగింది. "సరిగ్గా కనుక్కుని రండి. తల్లి నుంచి కూతుళ్లకు వచ్చే రకాలున్నాయి."

తెలిసిన మనిషి ఒక్కతే మిగిలింది. నందిగామలో ఉండే వదిన, సుగుణకు అక్క.

ఉదయం ఎనిమిదిన్నరకు పల్లెవెలుగు ఎక్కాను. ఆడవాళ్లకు ఉచితం కనుక సీట్లన్నీ వాళ్లవే. వృద్ధుల రాయితీకి అరవై చాలు, అయినా "ఎనభై దాటాయి" అన్నాను. కండక్టరు ఆధార్ చూసి, "ఇంకా చాలా టైముంది తాతగారూ," అన్నాడు.

చిల్లకల్లు దాటాక సీటు దొరికింది. పక్కన కోదాడ వైపు మనిషి, మిర్చి బేరానికి వెళ్తున్నాడు. "ఏడికి పోతున్నరు పెద్దాయనా?" అన్నాడు. అంతే, దేశమంతా గాలించి నా భార్యను పరిశోధనకు ఎన్నుకున్నారనీ, ఆ యంత్రం ఆమె కోసమే విమానంలో దిగిందనీ చెప్పేశాను. ముందు సీటు ఆడవాళ్లు కూడా వెనక్కి తిరిగారు. "అదృష్టవంతురాలు," అన్నాడాయన. ఆ వార్డులో గుండె రోగులందరినీ అడిగారని ఇక్కడ ఒప్పుకుంటున్నాను.

నందిగామ బస్టాండు దగ్గర టీ బాగుంటుంది, చక్కెర తగ్గించమనాలి. ఆటోలో వదిన ఇంటికి చేరేసరికి ఆమె పెనం ముందు ఉంది.

"వదినా, అత్తయ్యగారు దేనితో పోయారు?"

"గ్యాసుతోనేగా. ఇప్పుడదంతా ఎందుకు మరిదిగారూ?"

"సుగుణకి అండాశయం మీద గడ్డ ఉందన్నారు."

పెసరట్టు మాడుతోంది. ఆమె తిరగెయ్యలేదు. "దానికుండకూడదే," అంది. "నేనే తీయించేశాగా."

అప్పుడు చెప్పింది. అత్తగారిది అండాశయం కేన్సరు. పేరు బయటపడితే ఆడపిల్లలకు సంబంధాలు రావని మామగారు గ్యాస్ అన్నారు. ఊరూ అదే అంది. వదిన మాత్రం భయం మోసింది. ముప్పై ఏళ్ల కిందట చెల్లెలి కాన్పులు అవగానే, తెల్లబట్ట ఎక్కువవుతోందని డాక్టరుకు చెప్పి గర్భసంచి తీయించింది. తనూ తీయించుకుంది. మా వైపు ఎందరో తీయించుకున్నవాళ్లే, ఎందుకని ఎవరూ అడగలేదు.

"సంచి పోతే అన్నీ పోయినట్టే అనుకున్నా."

"అండాశయాలు వదిలేశారు వదినా."

ఆమె స్టవ్ ఆర్పింది. "అయితే నాకూ ఉన్నాయా?"



బస్టాండు నుంచి డాక్టరమ్మకు ఫోన్ చేశాను. "అయితే పరిశోధన నుంచి తీసేస్తామండి. కడిగిన రక్తంలో కేన్సరు కణాలు మిగిలి ఉంటాయేమోనన్న అనుమానం." మరి ఆపరేషనో అన్నాను. "పొట్ట కోస్తే ఆ గుండె తట్టుకోదు. గుండె ముందు చేస్తే, కోలుకునేదాకా గడ్డ ఆగుతుందని చెప్పలేను. పెద్ద డాక్టర్లతో మాట్లాడాలి. మీ అమ్మాయిని కూడా ఒకసారి చూపించండి."

మధ్యాహ్నం పన్నెండు దాటాక తిరుగు బస్సు. ఈసారి కిటికీ సీటే దొరికింది. ఈ దారిన వెళ్లేవాళ్లకు నేను చెప్పగలిగింది ఒకటే. రోడ్డు బాగుంది, బస్సులు చాలా ఉన్నాయి. మేమే ముప్పై ఏళ్లు ఆలస్యంగా ఎక్కాం.

టోల్‌గేటు దగ్గర సుగుణ ఫోన్ చేసింది. "అక్క ఏమందండి?"

"పెసరట్టు మాడ్చింది."

"నేనడిగింది అది కాదు."

"బస్సులో ఉన్నా. ఇంటికొచ్చి చెబుతాలే."

"మంచి కబురైతే బస్సంతా వినేలా చెప్పేవారుగా," అని పెట్టేసింది.