సీసాలో నూటనలభై నాలుగు రివెట్లు

దగ్గరికి జరిగి కూర్చోండి. చేతిలో పనుంటే కాసేపు పక్కన పెట్టండి. ఇది లెక్కలున్న కథ. దూరంగా కూర్చుంటే సగమే వినబడుతుంది. సగం లెక్క విని ఇంటికి వెళ్ళిన వాళ్ళకు ఏమవుతుందో చెప్పడానికే నేను మొదలుపెట్టాను.

కరోనా రెండోసారి వచ్చి తగ్గిన ఏడాది, ఎండాకాలం చివర్లో, నన్ను గుంతకల్లు నుంచి రాయదుర్గం బ్రాంచికి దఫ్తరీగా వేశారు. బ్యాంకులో దఫ్తరీ అంటే అటెండరుకు ఒక మెట్టు పైన, గుమాస్తాకు చాలా మెట్లు కింద. సాయంత్రం కౌంటర్లు మూశాక ఆ రోజు ఓచర్లన్నీ వరస పెట్టి, దబ్బనంతో కుట్టి, తేదీ రాసి రికార్డు రూములో సర్దాలి. తాకట్టు పెట్టిన ఇళ్ళ దస్తావేజులు ఉండే ఇనప బీరువాకు రెండు తాళాలు, ఇద్దరు ఆఫీసర్ల దగ్గర ఉంటాయి. ఇద్దరూ ఎదురుగా నిలబడితేనే నేను అందులో చెయ్యి పెట్టాలి. టపాలో పోకూడని ఉత్తరాలు ఇళ్ళకు తీసుకెళ్ళి చేతికిచ్చి, సంతకం తేవాలి.

నేను చదివింది ఐదో తరగతి. మా ఆయన అదే బ్యాంకులో అటెండరు. ఆయన సర్వీసులో ఉండగానే పోతే ఆ ఉద్యోగం నాకిచ్చారు. ఇంగ్లీషు అక్షరాలు కూడబలుక్కుని చదువుతాను గానీ, అంకె మాత్రం ఒకసారి కంట్లో పడితే మళ్ళీ పోదు.

నేను చేరిన నెలలోనే మాబాషా ఇంటి లోను మంజూరైంది. మాబాషా జీన్స్ యూనిట్లో టైలరు. వాళ్ళ నాయన నాలుగెకరాల మెట్టలో శనక్కాయలు వేసి, మూడు బోర్లు వేసి, మూడూ ఎండిపోయాక ఆ పొలం అమ్మేసి కొడుకును మిషను మీద కూర్చోబెట్టాడట. మాబాషా భార్య షమీమ్ అదే యూనిట్లో కుట్టిన ప్యాంట్లకు దారాలు కత్తిరిస్తుంది. ఇద్దరి పేరు మీదా ఎనిమిది లక్షలు. వడ్డీ ఏడాదికి నూటికి ఏడు. నెలకు కంతు ఏడువేల నూట తొంభై ఒకటి. నూటఎనభై కంతులు, అంటే పదిహేనేళ్ళు. అప్పుడతనికి నలభై ఐదేళ్ళు. అరవై నిండేసరికి ఇల్లు వాళ్ళదవుతుంది.

సంతకాల రోజు కాగితాలు తిప్పి పట్టుకుంది నేనే. మేనేజరు గారు, ఇది మారే వడ్డీ అని చెప్పారు. మాబాషా తలూపాడు. నెలకెంత, ఎన్ని నెలలు అని అడిగాడు. చెప్పారు. అంతా కలిపితే ఎంతవుతుందని అతనూ అడగలేదు, ఎవరూ కూడి చెప్పలేదు. కూడితే పన్నెండు లక్షల తొంభై నాలుగు వేలు.

మరుసటి వారం కరెంటు బిల్లు నకలు కోసం వాళ్ళింటికి వెళితే, అలమరలో ఊరగాయ సీసా నిండా జీన్స్ ప్యాంట్ల జేబు మూలలకు కొట్టే రాగి రంగు రివెట్లు కనబడ్డాయి. వాటి సంగతి షమీమే చెప్పింది. వాళ్ళ యూనిట్లో టైలరు అడ్వాన్సు తీసుకుంటే కాగితం ఉండదు. ఎన్ని వారాలు జీతంలో పట్టుకోవాలో అన్ని రివెట్లు లెక్కపెట్టి చేతిలో పోస్తారు. ప్రతి శనివారం జీతం తీసుకునేటప్పుడు ఒకటి తిరిగి ఇవ్వాలి. రివెట్లు అయిపోతే బాకీ అయిపోయినట్టు. వడ్డీ లేదు గానీ, అవి అయ్యేదాకా ఇంకో యూనిట్లో అడుగుపెట్టకూడదు. మాబాషా బ్యాంకు లోనుకూ అదే పద్ధతి పెట్టాడు. నూటఎనభై రివెట్లు సీసాలో పోసి, కంతు పోయిన రోజు ఒకటి తీసేస్తాడు.

నాకు ఆ పద్ధతి ముచ్చటగా అనిపించింది. తప్పెక్కడుందో అప్పుడు నాకూ తెలియదు.

రెండో ఏడాది వడ్డీలు పెరగడం మొదలైంది. కొద్దికొద్దిగా పెరిగి ఏడు కాస్తా తొమ్మిదిన్నర అయింది. ఇంటి లోనున్న వాళ్ళందరికీ ఉత్తరాలు వచ్చాయి, ఇంగ్లీషులో. నేను పంచడానికి బయలుదేరే ముందు లోన్లు చూసే ఆఫీసరును, జనం అడిగితే ఏం చెప్పాలని అడిగాను. కృష్ణా జిల్లా నుంచి వచ్చిన కుర్రవాడు, మంచివాడే. ఈఎంఐ ఏం మారలేదని చెప్పండి అన్నాడు.

షమీమ్ తలుపు దగ్గరే కవరు అటూఇటూ తిప్పింది.

"ఏముండాది లక్ష్మక్కా ఇందులో? కోర్టు కాగితమా?"

"కోర్టూ లేదు, ఏమీ లేదు. వడ్డీ ఏందో మారిందంట. నీ కంతు మాత్రం అంతే."

"అంతే అయితే ఇంత మంచి కాగితం ఎందుకు పాడు చేసినారు?" అని నవ్వి, దాన్ని అద్దం వెనక దోపింది. ఆ తరువాత ఇంకో రెండు ఉత్తరాలు తీసుకెళ్ళాను. రెండూ ఆ అద్దం వెనకకే చేరాయి.

లోను తీసుకుని మూడేళ్ళు నిండాయి. షమీమ్ చీటీ పాడితే లక్షా పదివేలు చేతికొచ్చింది. మాబాషా దానితో బళ్ళారిలో పాత మిషన్లు రెండు కొని, మిద్దె మీద రేకులు వేసి, పెద్ద యూనిట్ల ప్యాంట్లు కూలికి కుట్టిచ్చే జాబ్ వర్కు సొంతంగా పెట్టుకోవాలనుకున్నాడు. మిషన్లమ్మేవాడు కొంత వాయిదా ఇస్తానని, బ్యాంకు బాకీ ఎంతుందో కాగితం తెమ్మన్నాడట. ఒక సోమవారం ఆ కాగితం కోసం వచ్చి బల్ల మీద కూర్చున్నాడు.

"ఏమక్కా, మీ ప్రింటరు ఈనుతాందా, ల్యాదా?"

"ఈనుతాంది లేప్పా, కాస్త తాళు" అంటూ కాగితం తీశాను. మూడు అంకెలు చూశాను. బాకీ ఏడు లక్షల ఇరవై ఎనిమిది వేల ఎనిమిది వందలు. కంతు ఏడువేల నూట తొంభై ఒకటి. మిగిలిన కంతులు రెండువందల ఆరు.

నూటఎనభైలో ముప్పై ఆరు పోతే నూటనలభై నాలుగు ఉండాలి. వేరెవరి కాగితమో అనుకుని ఖాతా నంబరు రెండుసార్లు చూశాను. అతనిదే. ఆఫీసరు దగ్గరికి వెళ్ళాను.

"వడ్డీ పెరిగింది కదమ్మా. ఈఎంఐ పెంచితే జనం గొడవ చేస్తారు. అందుకని సిస్టమ్ నెలలు పెంచుతుంది. లెటర్లు పంపించాం కదా, మీరే ఇచ్చి వచ్చారు" అన్నాడు.

కౌంటరు నుంచి బల్ల దాకా పదడుగులు. ఆ పదడుగులు నడవలేక రికార్డు రూములోకి వెళ్ళి, ఊరికే ఒక కట్ట తీసి మళ్ళీ అక్కడే పెట్టి వచ్చాను. కాగితం అతని చేతికిచ్చాను. అతను దాన్ని దూరంగా, మళ్ళీ దగ్గరగా పట్టుకుని చూశాడు.

"ఇది ఎవురిదో ఇచ్చినావక్కా. నా సీసాలో నూటనలభై నాలుగు ఉండాయి. మొన్ననే ఒకటి తీసినాను."

"నీదేప్పా. కంప్యూటర్లో అంతే ఉండాది."

"కంప్యూటరు నా సీసా చూసిండదు." కాగితం మడిచాడు. "మూడేండ్లు ఒక్క కంతు తప్పల్యా. పండగ పండగకూ బిడ్డలకు గుడ్డలు ఆపినా గానీ కంతు ఆపల్యా. నూటఎనభైతో మొదలుపెట్టి, కట్టి కట్టి రెండునూర్లకు వచ్చినానా? మా ఓనరు గూడా ఇట్లా తినడే."

నేను వడ్డీ సంగతి చెప్పబోయాను. అతను గొంతు పెంచకుండా అన్నాడు.

"ఆ పొద్దు నువ్వే కదక్కా వచ్చి చెప్తివి, కంతు అంతేనని."

ఆ రోజు ఓచర్ల కట్ట రెండుసార్లు విప్పి మళ్ళీ కుట్టాను. మొదటిసారి జమ కాగితాల్లో ఖర్చు కాగితాలు కలిశాయి. రెండోసారి తేదీ తప్పు రాశాను. ఇంటికి వెళ్ళినా కూర్చోలేకపోయాను. నేను అబద్ధం చెప్పలేదు. కంతు నిజంగానే మారలేదు. కానీ అతనికి ఇప్పుడు నలభై ఎనిమిది. రెండువందల ఆరు నెలలంటే పదిహేడేళ్ళు. అరవై ఐదేళ్ళ దాకా కుట్టాలి. మొత్తం కట్టేది పదిహేడు లక్షల నలభై వేలు. పైగా చేతిలో ఉన్న లక్షా పదివేలు బళ్ళారి బస్సెక్కబోతోంది.

శనివారం మధ్యాహ్నం ఆఫీసరుకు టీ ఇచ్చి, ఆ లక్షా పదివేలు అసలులో పడితే ఏమవుతుందో వేసి చెప్పమన్నాను. పే-ఇన్ స్లిప్పు వెనక రాసిచ్చాడు. ఆదివారం ఆ స్లిప్పు తీసుకుని వాళ్ళింటికి వెళ్ళాను. మాబాషా పలకరించలేదు. షమీమ్ చాప వేసింది. నేను సీసా తెమ్మని, అందులోంచి ఐదు రివెట్లు తీసి చాప మీద పెట్టాను.

"ఇప్పుడు నువ్వు కట్టే ఐదు కంతుల్లో నాలుగు కంతులంత దుడ్లు వడ్డీకే పోతాండాయి." నాలుగు పక్కకు జరిపాను. "ఇంటికి పడేది ఇదొక్కటి."

షమీమ్ ఆ ఒక్కదాన్ని తీసి చూసింది. "మూడేండ్లకు ఎంత పడిందక్కా ఇంటికి?"

"మీరు కట్టింది రెండు లక్షల యాభై ఎనిమిది వేలు. అసలులో తగ్గింది డెబ్భై ఒక్క వేలు."

"తక్కినదంతా?"

"వడ్డీ."

అప్పుడు మాబాషా నోరు విప్పాడు. "సరే. అయిందేదో అయింది. మిషన్లు తెస్తా. నెలకు ఐదారు వేలు మిగుల్తాది, అది తెచ్చి కడతా."

"కరెంటుంటే, ఆర్డరుంటే, కుట్టేవాడుంటే" అంది షమీమ్.

"కుట్టేవాడు యాడికి పోయినాడు? ఈడనే ఉండాడు కదా."

నేను స్లిప్పు తిప్పి చూపించాను. కంతును ఎనిమిదివేల ఐదువందలకు పెంచుకుంటే నూటనలభై నాలుగు నెలల్లోనే అయిపోతుంది. లేదా కంతు అంతే ఉంచి, లక్షా పదివేలు ఇప్పుడే అసలులో వేస్తే రెండువందల ఆరు కాస్తా నూటనలభై ఐదవుతుంది. అరవై ఒక్క కంతులు పోతాయి. అంటే నాలుగు లక్షల ముప్పై ఎనిమిది వేలు కట్టే పని తప్పుతుంది. మారే వడ్డీ లోనుకు ముందుగా కడితే జరిమానా కూడా లేదు.

"లక్ష వేస్తే నాలుగు లక్షలు పోతాదా?" మాబాషా నన్ను అనుమానంగా చూశాడు. "మొన్న కంతు అంతే అంటివి. ఈ పొద్దు ఇట్లంటావు."

"మొన్న సగమే చెప్పినా. అందుకే ఈ పొద్దు వచ్చినా."

"సగం మాటకు రెండేండ్లు పట్టింది. తక్కిన సగం నమ్మాలంటే ఎన్నేండ్లు కావాల?"

లేచి వచ్చేద్దామా అనిపించింది. అప్పుడు షమీమ్, భర్త వైపు చూడకుండా, రివెట్లు ఒక్కొక్కటే సీసాలో వేస్తూ చెప్పింది.

"పొద్దున ఈయప్ప మిషను సూదిలో దారం ఎక్కించేది నేనక్కా. ఏడాదిగా. మధ్యాన్నం దారం తెగితే దారాలు కత్తిరించే కాడి నుంచి నేనే లేచి పోతా. సూపర్‌వైజరుకు తెలీదు. ఈయప్ప అరవై ఐదు దాకా కుడతానంటాడు. అరవై దాకా కుడితే నేను దర్గాలో చక్కెర పంచుతా."

మాబాషా చాప అంచున లేచిన పీచు పట్టుకుని లాగుతూ కూర్చున్నాడు. నేను చెప్పులేసుకునేటప్పుడు మాత్రం, "మంగళవారం ఎన్ని గంటలకు రావాలక్కా?" అని అడిగాడు.

మంగళవారం ఇద్దరూ వచ్చారు. ఇక్కడ ఒక విషయం గుర్తుంచుకోండి. లోను ఖాతాలో డబ్బు ఊరికే కట్టేసి వస్తే, అది ముందు నెలల కంతులకని పక్కన ఉండిపోవచ్చు. లేదా నెలలు అంతే ఉంచి కంతు తగ్గించవచ్చు. ఏది కావాలో కాగితం మీద రాసివ్వాలి. షమీమ్ చేత తెలుగులోనే రాయించాను, ఈ డబ్బు అసలులో వెయ్యండి, కంతు అంతే ఉంచండి, నెలలు తగ్గించండి అని. ఇద్దరూ సంతకాలు చేశారు. ఆఫీసరు ఇన్ని మాటలు అక్కర్లేదమ్మా అన్నాడు. ఉండనివ్వండి సార్ అన్నాను.

కొత్త కాగితం ప్రింటయింది. ఈసారి నేను చదవలేదు, నేరుగా అతని చేతికే ఇచ్చాను. అతను షమీమ్‌కు ఇచ్చాడు.

"నూటనలభై ఐదు" అంది.

"నా లెక్కకు ఒకటి ఎక్కువే ఉండాదే" అన్నాడు మాబాషా.

షమీమ్ సంచిలోంచి సీసా తీసి బల్ల మీద పెట్టింది. అతను చొక్కా జేబులో తడిమి ఒక రివెట్టు తీసి అందులో వేశాడు. టంగుమంది. కౌంటరులో నోట్లు లెక్కపెడుతున్న కుర్రాడు తల తిప్పి చూశాడు.

"ఇంగ వడ్డీ మారినప్పుడు కంతు అడగనక్కా. సీసా అడుగుతా" అన్నాడు.

నేను రిటైరయ్యేదాకా ఏటా ఏప్రిల్ నెలలో వచ్చి, ఎన్ని కంతులు మిగిలాయని అడిగేవాడు. మిషన్లు కొనలేదు. కొనుంటే బాగుపడేవాడేమో, అదీ చెప్పలేను.

నాకు మాత్రం అక్కడితో తీరలేదు. కంతు అంతే అని నేను చెప్పి వచ్చిన గడపలు ఇంకా పదకొండు ఉన్నాయి. ఏ వీధిలో ఏ తలుపు, ఎవరు కవరు అందుకున్నారు, అన్నీ జ్ఞాపకమే. సెలవు రోజుల్లో ఒక్కొక్క ఇంటికీ వెళ్ళి తక్కిన సగం చెప్పాను. నలుగురు విన్నారు. ఇద్దరు తిట్టారు. తక్కినవాళ్ళు, కంతు మారలేదు కదక్కా, ఇంకేం అన్నారు.

ఇరవై రెండేళ్ళ ఉద్యోగంలో నేను నేర్చుకున్నది ఇంతే. ఇంటి లోనులో కంతు ఒక్కటే తెలిస్తే ఏమీ తెలియనట్టే. ఎన్ని నెలలు, మొత్తం ఎంత, వడ్డీ మారితే ఆ రెండూ ఏమవుతాయి అన్నది సంతకానికి ముందు అడగాలి. ఏడాదికొకసారి మళ్ళీ అడగాలి. మిగిలిన నెలలు పెరిగాయంటే, వడ్డీ ఇంకా ఎక్కువ భాగం తినే మొదటి ఏళ్ళలోనే అసలులో కొంత వెయ్యాలి. ఉత్తరం ఇచ్చేవాళ్ళు అందులో ఏముందో తెలియకపోతే, తెలియదని చెప్పాలి.

ఇంక లేవండి, మీ పనులు మీకుంటాయి. సూదిలో దారం మీ చేత్తో మీరే ఎక్కించుకునే రోజుల్లోనే మీ దస్తావేజులు బ్యాంకు బీరువాలోంచి మీ ఇంటికి చేరాలి. ఆ ఇంట్లో అందరూ కడుపునిండా తిని, చల్లగా ఉండాలి.